పదిహేడు మంది పడవ

ఆదివారం పొద్దున్నే సూదక్క చేసే మొదటి పని పడవలో ఊరిన నీళ్ళు తోడెయ్యడం. రెండు బకెట్లు, ఒక్కోసారి రెండున్నర. ఆ తర్వాత బల్లలు పీచుతో రుద్ది, తెరచాప విప్పి ఎండకి పరిచి, చిరుగులేమైనా ఉన్నాయేమోనని వేళ్ళతో తడుముతుంది. కంటికి దొరకని చిరుగు వేలికి దొరుకుతుందని ఆమె లెక్క. ముప్ఫై తొమ్మిదేళ్ళ వయసులో ఇరవయ్యేళ్ళు ఆ తెరచాపకే కుట్లు వేసింది కాబట్టి, అందులో అసలు గుడ్డ ఎంతో, ఆమె దారం ఎంతో తేల్చడం కష్టం. ఊరంతా ఆమెను సూదక్క అనే పిలుస్తారు. అసలు పేరు అత్తగారికి తెలిసే ఉంటుంది గానీ, ఆ పేరుతో పిలవగా విన్నవాళ్ళు లేరు.

పడవ చిన్నది. ఒకప్పుడు చేపలు పట్టిన పడవ. యుద్ధంలో అవతలి ఒడ్డు తగలబడుతుంటే సూదక్క మొగుడి తాత, అప్పట్లో పడవ నడిపిన సరంగు, వలలన్నీ సముద్రంలో పారేసి వాటి చోట మనుషుల్ని ఎక్కించుకుని వచ్చాడు. పదహారు మందిని. తర్వాతెప్పుడో పురపాలక సంఘం వాళ్ళు దాన్ని చారిత్రక పడవగా ప్రకటించి, ఏ రంగు వెయ్యాలో కూడా కాగితం పంపి, ‘పదహారు ప్రాణాలు కాపాడిన పడవ’ అని ఒక ఇత్తడి పలక బిగించారు. పలక చెక్కినవాడు అంచనా తప్పి కింద రెండు వరుసల ఖాళీ వదిలేశాడు. ఆ ఖాళీలో ఉండాల్సిన సంగతి అందరికీ తెలుసు. పదహారు మంది ఎక్కాక, సరంగుతో కలిపి పదిహేడు, ఎవడో ఈదుకుంటూ వచ్చి పడవ అంచు పట్టుకున్నాడు. పడవ ఆగిపోయింది. సరంగు తెడ్డు తీసి ఆ వేళ్ళ మీద కొట్టాడు. మూడు దెబ్బలని అత్తగారంటుంది. పోయిన మామగారు ఏడని చెప్పేవాడు. ఆయన ఏదైనా కొంచెం పెంచి చెప్పే మనిషి.

అప్పటినుంచి ఆ పడవ పదిహేడు మందితోనే కదులుతుంది. పద్దెనిమిదో మనిషి ఎక్కితే నీళ్ళలో బండరాయిలా కూర్చుంటుంది. తెరచాప నిండా గాలి ఉన్నా, నలుగురు తెడ్డు వేసినా అంగుళం జరగదు. దీనికీ బరువుకీ సంబంధం లేదు. ఇద్దరు పట్టే బల్ల మీద ఒక్కడే కూర్చునే ఇటుకల కాంట్రాక్టరూ ఒకటే, చంకలో పసిగుడ్డూ ఒకటే. బయట నిలబడి అంచు మీద చెయ్యి వేసినా ఒకటే. అందుకే రేవులో ఆ పడవని చేత్తో తొయ్యరు, గడకర్రతో తోస్తారు. లెక్క మించితే ఆఖరున ఎక్కినవాళ్ళు దిగిపోతారు. ఇందులో వింతేమీ ఉన్నట్టు ఎవరూ అనుకోరు. వానొస్తే తడుస్తాం, పద్దెనిమిదో మనిషి ఎక్కితే పడవ ఆగుతుంది, అంతే.

కడుపులో ఉన్నవాళ్ళు కూడా లెక్కే. ఒకసారి దర్జీ కూతురు పదిహేడో మనిషిగా ఎక్కితే పడవ కదల్లేదు. మళ్ళీ లెక్కపెట్టారు, పదిహేడే. ఆ పిల్లకి పెళ్ళి కాలేదు. పడవలో దర్జీ కూడా ఉన్నాడు. ఆ వారమే హడావుడిగా పెళ్ళి చేశారు, అదీ అసలువాడికిచ్చి కాదు. పడవ అటువంటివి చెప్పదు, సంఖ్య ఒక్కటే చెబుతుంది.

దీనికి తిరగేసిన సంగతి ఇంకోటి ఉంది, దాన్ని మాత్రం జనం గొంతు తగ్గించి చెప్పుకుంటారు. రెండుసార్లు పద్దెనిమిది మందితో పడవ హాయిగా వెళ్ళిపోయింది. మొదటిసారి లెక్కలోకి రానివాడు పోస్ట్‌మాన్, దున్నపోతులాంటి ఆరోగ్యం, తొమ్మిదో రోజున పోయాడు. రెండోసారి బడిపంతులమ్మ. ఆవిడకి నెల కూడా తిరగలేదు.

సరే, ఆ ఆదివారం సంగతి. చేపలు పట్టడం ఎప్పుడో మానేశారు. ఆదివారాల్లో చూడవచ్చినవాళ్ళని లైట్‌హౌస్ రాళ్ళ దాకా తీసుకెళ్ళి తేవడమే ఇప్పుడు పడవ పని. సూదక్క మొగుడు సరంగు. మరిది రేవులో నిలబడి, ఎక్కేవాళ్ళ తలలు లెక్కపెట్టి, చివర్న “నేనూ అన్నయ్యా రెండు” అని కలుపుకుంటాడు. సూదక్క మామూలుగా పడవెక్కదు. ఆ రోజు బయల్దేరే ముందు తెరచాప మూల ఊడొచ్చింది. జనం రాకముందే ఆమె ముందు భాగంలోకెక్కి, తెరచాప చాటున కూర్చుని కుట్టడం మొదలుపెట్టింది. మరిది పదిహేను లెక్కపెట్టి, అలవాటు చొప్పున రెండు కలిపాడు. పడవ కదిలింది. కదిలిన పడవ గురించి ఎవరు ఆలోచిస్తారు?

లైట్‌హౌస్ కాపలాదారు దగ్గర సరిగ్గా పదిహేడు గ్లాసులుంటాయి. వచ్చినవాళ్ళందరికీ చల్లటి నీళ్ళివ్వడం ఆయన సరదా.

“ఒక గ్లాసు తగ్గిందయ్యా,” అన్నాడు.

“ఎవరో రెండోసారి తాగుంటారు,” అన్నాడు మరిది.

“తాగినవాడు గ్లాసు మింగడు కదా. లెక్కపెట్టు.”

లెక్కపెట్టారు. పద్దెనిమిది. మరిది మొహంలో నెత్తురు లేదు. ఎవరికి వారు పక్కవాళ్ళని, వాళ్ళలో ఏదైనా జబ్బు లక్షణం కనపడితే బాగుండునన్నట్టు చూస్తూ ఉండిపోయారు.

బట్టల కొట్టాయన ముందు నోరు తెరిచాడు. “ఎవరో తేల్చండి. తేలకుండా ఇంటికెళితే నాకు నిద్ర పట్టదు.”

“తేలితే నిద్ర పట్టని మనిషి మారతాడు, అంతే కదండీ,” అన్నాడు గడియారాలు బాగుచేసే ఆయన. వంతెన అవతల చిన్న కొట్టు, మెత్తటి మనిషి. ఆయన మాట ఎవరూ పట్టించుకోలేదు.

తేల్చడానికి పద్ధతి ఉంది. కాపలాదారుని కూడా ఎక్కించారు. పంతొమ్మిది మంది, పడవ బిగుసుకుపోయింది. ఇక ఒక్కొక్కరూ దిగి చూడాలి. దిగినప్పుడు పడవ కదిలిందా, ఆ మనిషి లెక్కలో ఉన్నట్టు. కదల్లేదా, ఆ మనిషి లేనట్టే. తర్వాత ఎవరూ మాట అనకుండా ముందు మా ఇంటివాళ్ళతోనే మొదలుపెడదామన్నాడు సరంగు. తను రాతి మీదకి దూకాడు. పడవ ఊగి కదిలింది. ఆయన ఎక్కాక మరిది దూకాడు. కదిలింది. మూడో మనిషి సూదక్క. అంతకు ముందు నెలలో మోకాలు బెణికింది, దూకలేదు. అందుకని పడవ పక్కనే నడుం లోతు నీళ్ళలోకి జారింది.

పడవ కదల్లేదు.

మొగుడు గడకర్రతో తోశాడు. మరోసారి తోశాడు. తర్వాత గడకర్ర లోపల పెట్టేశాడు.

మిగిలిన పదిహేను మందినీ దింపి చూడాల్సిన పని లేకపోయింది. “పాపం” అన్న మాట ఒక్కసారిగా అన్ని నోళ్ళ నుంచీ వచ్చింది, పండగ మాటలా వచ్చింది. తిరుగు దారిలో బట్టల కొట్టాయన వేయించిన పల్లీల పొట్లం విప్పి అందరికీ పంచాడు. ఎవరో సూదక్కకి నీడలో చోటిచ్చారు. గడియారాలాయన మాత్రం జేబురుమాలు తీసి ఇస్తూ, “నాకంటే చిన్నదానివి కదమ్మా,” అన్నాడు. తర్వాత ఒడ్డు చేరేదాకా తనలో తనే నవ్వుకున్నాడు.

మొదటి వారం ఇంట్లో ఆమెను మహారాణిలా చూశారు. అత్తగారు తల దువ్వింది. సరంగు ఇంటికి పెందలాడే వచ్చి, ఏం మాట్లాడాలో తెలియక పక్కన కూర్చుని గోళ్ళు తీసుకునేవాడు. రెండో వారం ఫోటోగ్రాఫర్‌ని పిలిచారు. అతను తలని కొంచెం పక్కకి తిప్పమన్నాడు, గోడకి పెట్టే ఫోటోలో సూటిగా చూస్తే ఇంట్లోవాళ్ళకి ఇబ్బందిగా ఉంటుందట. ఫోటో వచ్చింది. ట్రంకు పెట్టెలో పెట్టి, గోడకి మేకు మాత్రం కొట్టి ఉంచారు. ఖాళీగా ఉంది కదా అని సూదక్క ఒక రోజు దానికి జల్లెడ తగిలించింది. “ఆ మేకు దానికి కాదమ్మాయ్,” అని అత్తగారు జల్లెడ తీసి కింద పెట్టింది, చాలా నెమ్మదిగా.

నెల దాటింది. రెండో నెల దాటింది. పోస్ట్‌మానుకి తొమ్మిది రోజులు పట్టిందన్న మాట ఇంట్లో తరచుగా వినపడసాగింది. పదేళ్ళ కూతురి పక్కని నాయనమ్మ గదిలోకి మార్చారు, అలవాటు పడాలి కదా అని. సూదక్కకి దగ్గు పట్టుకుంటే డాక్టరు దగ్గరికి వెళ్ళొస్తానంది. ఇప్పుడెందుకు అనవసరంగా అన్నారు.

ఓ పూట అత్తగారు పొయ్యి దగ్గరికొచ్చి పీట వేసుకుంది. “కూరలో ఉప్పెంత వేస్తావో చూపించి పో.”

“ఎక్కడికి పోతున్నానత్తయ్యా?”

“మేమూ అదే కదా అడుగుతున్నాం. ఎప్పుడని.”

కుళాయి దగ్గర ఆడవాళ్ళు “ఇంకా ఉన్నావా?” అని అడిగేవాళ్ళు, నీళ్ళు పట్టుకున్నావా అన్నంత మామూలుగా. మొదట్లో ఆమె సిగ్గుపడేది. తర్వాత్తర్వాత నిజంగానే తనేదో ఆలస్యం చేస్తున్నట్టు, పదిమందినీ కాచుకోబెట్టినట్టు అనిపించడం మొదలైంది. రాత్రి పడుకునే ముందు ఇల్లంతా సర్దేసి పడుకునేది. పొద్దున్నే కళ్ళు తెరిస్తే తప్పు చేసినట్టుండేది.

ఆరో నెలలో కొత్తావిడ వచ్చింది. పెళ్ళి అనలేదు. పని నేర్చుకోవడానికి అన్నారు. సరంగుకి దూరపు చుట్టం, ముప్ఫై దాటలేదు, చేతి వేళ్ళు పొడుగ్గా ఉన్నాయి. ఆమెకి తెరచాప కుట్టడం నేర్పమన్నారు. సూదక్క నేర్పింది. పనితనం గల మనిషికి నేర్పేటప్పుడు దాచుకోవడం చేతకాదు. రెండు పోగులు కలిపి మైనం రాయడం, గుడ్డ ముడత పడకుండా అరచేతికి కట్టుకునే తోలుపట్టీతో సూదిని నెట్టడం, అన్నీ నేర్పింది. కొత్తావిడ చెడ్డదేం కాదు. “కుట్టు దగ్గరగా వచ్చిందా అక్కా?” అని అడిగేది. కూతురు ఆమెను పిన్నీ అని పిలవడం మొదలుపెట్టింది. ఎవరు నేర్పారో సూదక్క అడగలేదు.

ఆ ఇంట్లో మనుషులు ఐదుగురు, కంచాలు ఐదు. కొత్తావిడ వచ్చాక కూడా కంచాలు ఐదే. సూదక్క అందరూ తిన్నాక గిన్నెలో మిగిలింది తినేది. కొన్నాళ్ళకి, ఏమీ మిగలకపోయినా ఆకలి వెయ్యడం మానేసింది. మనిషి సగమైంది. ఆమె చిక్కిపోవడం చూసి ఇంట్లో కాస్త తెరిపిన పడ్డారు.

ఎనిమిదో నెలలో అత్తగారికి తన అలారం గడియారం గుర్తొచ్చింది. ఏడాది కిందట వంతెన అవతల బాగుచేయడానికిచ్చింది. ఊరికే తిరుగుతున్నావు కదా, తీసుకురా అంది సూదక్కతో. ఆమె వెళ్ళేసరికి కొట్టుకి తాళం. వెనక ఇంట్లోంచి గడియారాలాయన భార్య వచ్చింది.

“ఆయన పోయి ఏడు నెలలైందమ్మా. మీ పడవెక్కి వచ్చిన పన్నెండో రోజు. ఆ రోజు ఎంత నవ్వుకుంటూ వచ్చారనుకున్నావు. నేను కాదులేవే అన్నారు.”

గడియారం బాగుచేసే ఉంది. ఆవిడ గుడ్డలో చుట్టి ఇచ్చింది. సూదక్క కొట్టు మెట్టు మీదే కూర్చుంది. ఆ రోజు పడవలో లెక్కలోకి రానిది ఒక్కరే. ఆ ఒక్కరూ ఆయనైతే మరి తనెలా? ఒక్కొక్కటే గుర్తు చేసుకుంది. దిగడం, నీళ్ళ చలి, మోకాలి నొప్పి, ఎదురుగా వచ్చిన అల. అలకి పడవ రాతికేసి కొట్టుకోబోవడం చూశాక, పడవలవాళ్ళింట్లో ఇరవయ్యేళ్ళున్న మనిషి చేసే పనే తనూ చేసింది. పడవ అంచు పట్టుకుని ఆపింది. చెయ్యి వేసింది. చెయ్యి పడ్డా లెక్కే కదా. దిగిందన్న మాటే గానీ, పడవ దృష్టిలో ఆమె దిగనే లేదు.

ఇంటికొచ్చి గడియారం అత్తగారి ముందు పెట్టి, జరిగింది జరిగినట్టు చెప్పింది. వంతెన అవతల చావుని ఇవతల ఎవరూ లెక్క వేసి చూడలేదు. లెక్క తేలిపోయిందనుకున్నాక మళ్ళీ ఎవరు కూడతారు?

“చెయ్యి వేశావని చూసిందెవరు?” అన్నాడు సరంగు.

“నేనే మర్చిపోయాను, ఇంకెవరు చూస్తారు?”

“ఎనిమిది నెలలు మర్చిపోయి ఇవాళ గుర్తొచ్చిందా?”

కొత్తావిడ కుట్టు ఆపింది. అత్తగారు గడియారాన్ని చెవి దగ్గర పెట్టుకుని విని, “ఇప్పుడు చెప్తే ఎలా అమ్మాయ్,” అంది. “అన్నీ సర్దుకున్నాక.”

మరిది ఒక్కడే ఆమె పక్షాన నిలబడ్డాడు. అభిమానంతో కాదు, లెక్క తప్పిందన్న అవమానంతో. ఆదివారం పదిహేడు మందిని కూర్చోబెట్టి, వదినని పద్దెనిమిదో మనిషిగా ఎక్కిద్దామన్నాడు. పడవ ఆగితే వదిన ఉన్నట్టు. దానితో సమస్తం తేలిపోతుంది.

“ఆగితే నా కంచం నాకు కావాలి,” అంది సూదక్క. “పిల్ల పక్క నా గదిలోకి రావాలి. నా సూది నాకివ్వాలి.”

“పడవ ఏం చెప్తే అది,” అన్నాడు సరంగు.

ఆ నాలుగు రోజులూ ఆమెకి భయం వేసింది. భయం వెయ్యడమే ఎంతో బాగుంది. ఒకవేళ గడియారాలాయన ఊరికే పోయి ఉంటే? ఒకవేళ తనని ఆ పడవ నిజంగానే వదిలేసి ఉంటే? దగ్గు వచ్చినప్పుడల్లా గుండె మీద చెయ్యి వేసుకుని చూసుకునేది.

ఆదివారం రేవు నిండిపోయింది. పడవలో సరంగు, మరిది, అత్తగారు, కూతురు. ముందు భాగంలో తెరచాప పక్కన, ఒళ్ళో సూదీ దారం పెట్టుకుని కొత్తావిడ. చూడవచ్చినవాళ్ళు పన్నెండు మంది. మరిది ఒక్కో తల మీదా వేలు చూపిస్తూ మూడుసార్లు లెక్కపెట్టాడు. గడకర్రతో తోసి చూశారు, పడవ బాతులా కదిలింది. మళ్ళీ రేవుకి చేర్చారు. సూదక్క ఎక్కింది. కూర్చోవడానికి చోటు లేక నడుమ నిలబడింది.

మరిది తోశాడు. కదల్లేదు. సరంగు తెడ్డు వేశాడు, తెరచాప గాలికి పొట్టలా ఉబ్బింది. పడవ బండరాయి.

“వదిన ఉంది,” అన్నాడు మరిది. “లెక్కలో ఉంది. తప్పు నాది.”

రేవు మీద ఇద్దరు ముగ్గురు చప్పట్లు కొట్టారు. సూదక్క ఎనిమిది నెలల తర్వాత నవ్వింది. నవ్వుతూనే కూతురి వైపు చూసింది. తర్వాత ముందు భాగం వైపు చూసింది. కొత్తావిడ సూది కింద పెడుతుందని ఎదురుచూసింది. కొత్తావిడ తల వంచుకుని దారానికి మైనం రాస్తోంది.

ఎవరూ లేవలేదు. గాలి మంచిగా ఉంది. చూడవచ్చిన వాళ్ళలో ఒకాయన గడియారం చూసుకుని, మధ్యాహ్నానికి తిరిగి రావాలండీ అన్నాడు. అది సబబైన మాటే.

సరంగు చుక్కాని దగ్గర నిలబడి, ఎటో చూస్తూ, ప్రతి ఆదివారం అనే మాటే అన్నాడు. “ఆఖరున ఎక్కినవాళ్ళు దిగండి.”

పెళ్ళైన ఇరవయ్యేళ్ళలో ఆయన ఆమెను గౌరవంగా పిలవడం అదే మొదటిసారి.

“పడవ ఏం చెప్తే అది అన్నారు,” అంది సూదక్క.

“చెప్పింది కదా. పద్దెనిమిది అని.”

కూతురు సగం లేచింది. నాయనమ్మ జడ పట్టుకుని కూర్చోబెట్టింది. “నువ్వు ముందెక్కావు, నీకేం. కూర్చో.”

సూదక్క పడవలో ఒక్కొక్కరి మొహం చూసింది. పదిహేడు మందిలో ఒక్కరికీ ఆమె మీద కోపం లేదు. ఆమె దిగింది. పడవ వెంటనే కదిలింది. కొంచెం దూరం వెళ్ళాక అత్తగారు, ఆవిడ మనసు చెడ్డది కాదు, చేతులు నోటికి అడ్డం పెట్టి గట్టిగా చెప్పింది.

“వంట చేసే వచ్చాను. తిని వెళ్ళు.”

ఇంటికి వెళ్ళేసరికి సూదక్కకి విపరీతంగా ఆకలి వేసింది, ప్రాణం ఉన్నవాళ్ళకి వేసినట్టు. గూట్లోంచి ఒక కంచం తీసింది. కూతురికి సరిపడా ఒక పక్కన తీసి మూత పెట్టింది. మిగతాది, అందరి కోసం వండినది, నేల మీద కూర్చుని నింపాదిగా తినేసింది. కూర గిన్నె వేలితో తుడిచి నాకింది. మధ్యలో దగ్గు వస్తే నీళ్ళు తాగి మళ్ళీ తింది. గిన్నెలు కడిగి బోర్లించి, రెండు జతల బట్టలు మూట కట్టుకుని, పెద్ద రోడ్డు మీదకి నడిచింది.

వచ్చిన బస్సు కిక్కిరిసి ఉంది. మెట్ల మీద కూడా జనం వేలాడుతున్నారు. సూదక్క కింద ఆగి, అలవాటుగా తలలు లెక్కపెట్టబోయింది. ముప్ఫై దాకా వచ్చి మర్చిపోయింది. కండక్టరు ఆమె మూట అందుకుని లోపలికి విసిరేశాడు. రెక్క పట్టి ఆమెను పైకి లాగి, జనం మీద విసుక్కున్నాడు.

“జరగండి, లోపలికి జరగండి. ఇంకా పదిమందికి చోటుంది.”